కార్డు ఉన్న ఊరు, మనిషి ఉన్న ఊరు

రేషన్ కార్డు మీద కుటుంబ సభ్యుల పేర్లు, వయసులు, ఫొటో ఎన్ని ఉన్నా, డెబ్బై ఐదేళ్లకు పైగా ఆ కార్డును చెల్లుబాటు చేసినవి మాత్రం దాని మీది ఇంటి నంబరు, చౌక ధరల దుకాణం నంబరు. ఆ దుకాణం పరిధిలో ఉన్నంత కాలమే బియ్యం వచ్చేవి. ఊరు దాటితే అదే మనిషి, అదే ఆకలి, అదే ప్రభుత్వం అయినా చేతిలోని కార్డు పనికొచ్చేది కాదు. చిరునామా మారిన సంగతిని అధికారికి తెలియజేసి, పాత చోట పేరు కొట్టివేయించుకుని, కొత్త చోట ఎక్కించుకోవలసిన భారమంతా ఇల్లు మారిన పేదవాడి మీదే ఉండేది. ఈ భారం ఎక్కడ పుట్టింది, ఏ భయం వల్ల పెరిగింది, తెలుగునాట ఎవరిని ఎక్కువగా దెబ్బతీసింది అని పరిశీలిస్తే, ఒకే మనిషి రెండు చోట్ల తింటాడేమో అన్న అనుమానానికి యంత్రాంగం ఇచ్చినంత విలువ, ఒక మనిషికి రెండు చోట్లా తిండి దొరకకుండా పోతుందేమో అన్న ఆలోచనకు ఇవ్వలేదని తెలుస్తుంది.

ఈ అనుమానం రేషన్ కార్డు కన్నా పాతది. 1876లో మొదలై 1878 దాకా సాగిన, తెలుగువారు ధాత కరువుగా చెప్పుకున్న క్షామంలో కర్నూలు, కడప, బళ్లారి ప్రాంతాల జనం గుంపులు గుంపులుగా ఊళ్లు విడిచారు. వారికి సాయం అందించడంలో మద్రాసు ప్రభుత్వం ముందున్న చిక్కు ధాన్యం కొరత ఒక్కటే కాదు, ఎవరు ఏ ఊరివారో తేల్చుకోవడం కూడా. వైస్రాయి లిట్టన్ ప్రతినిధిగా 1877లో దక్షిణాదికి వచ్చిన రిచర్డ్ టెంపుల్, కరువు పనుల్లో చేరాలంటే సొంత ఊరికి దూరంగా ఉన్న శిబిరాల్లో ఉండి పని చేయాలన్న షరతును గట్టిగా అమలు చేయించాడు. ఇల్లు విడిచి రావడానికి సిద్ధపడినవాడే నిజంగా ఆకలిగొన్నవాడు అన్నది ఆ షరతు వెనుక ఉన్న తర్కం. పని చేయలేని వృద్ధులకు, రోగులకు మాత్రం గ్రామాధికారులు, అంటే రెడ్లు, కరణాలు గుర్తించిన జాబితా ప్రకారం ఊళ్లోనే ఉచిత సాయం అందేది. 1880లో రిచర్డ్ స్ట్రేచీ అధ్యక్షతన క్షామ కమిషన్ ఇచ్చిన నివేదిక ఆధారంగా తయారైన క్షామ నిబంధనావళి ఈ రెండో పద్ధతిని స్థిరపరిచింది: ఊరి జాబితాలో ఉన్నవాడికి ఊళ్లోనే సాయం చేయాలి, జాబితాలో లేక దారిన పడి తిరుగుతున్నవాడిని ఒకచోట చేర్చి అన్నం పెట్టి, వీలైనంత త్వరగా సొంత ఊరికి పంపాలి. ఊరు విడిచిన బీదవాడు సాయానికి అర్హుడే గాని, ఆ సాయం అతన్ని వెనక్కి నడిపించడానికే ఉద్దేశించినది.

ఈ ఆలోచనకు ఇంగ్లండులోనే సుదీర్ఘ చరిత్ర ఉంది. అక్కడ 1662లో వచ్చిన స్థిరనివాస చట్టం ప్రకారం, చర్చి పరిధిని బట్టి ఏర్పడిన పారిష్ అనే చిన్న పాలనా ప్రాంతం తన సొంత పేదలనే పోషించాలి. ఏడాదికి పది పౌన్ల కన్నా తక్కువ అద్దె ఇంట్లో చేరిన కొత్తవాడు భారమవుతాడని తోస్తే, వచ్చిన నలభై రోజుల లోపు అతన్ని పాత పారిష్‌కు తరిమేయవచ్చు. 1697 చట్టం తరువాత, ఇతని భారం మాదే, అవసరమైతే మేమే వెనక్కి తీసుకుంటాం అని సొంత పారిష్ రాసి ఇచ్చిన ధ్రువపత్రం చేతిలో ఉన్న కూలివాడు కొంత ధైర్యంగా పొరుగూరిలో పని వెతుక్కోగలిగాడు. పనివాళ్ల రాకపోకలను అడ్డుకునే ఈ ఏర్పాటును ఆడమ్ స్మిత్ 1776లో తీవ్రంగా ఖండించాడు. ఇంత కఠినమైన చట్టంలోనూ ఒక వెసులుబాటు ఉండేది: పెళ్లయిన స్త్రీకి భర్త పారిష్‌లో దానంతట అదే హక్కు సంక్రమించేది. మూడు వందల ఏళ్ల తరువాత తెలుగు పల్లెల్లో కోడళ్లు కార్డు కోసం పడిన అవస్థను గురించి చెప్పేటప్పుడు ఈ సంగతి మళ్లీ గుర్తు చేసుకోవలసి ఉంటుంది.

రేషన్ కార్డు మాత్రం రెండో ప్రపంచ యుద్ధం తెచ్చిపెట్టినది. 1942లో బర్మా జపాను వశం కావడంతో రంగూన్ బియ్యం రాక ఆగిపోయింది. మరుసటి ఏడు బెంగాల్ కరువు లక్షల ప్రాణాలు తీసింది. 1943లో థియొడర్ గ్రెగరీ నాయకత్వంలోని ఆహార ధాన్యాల విధాన సంఘం, లక్షకు మించిన జనాభా ఉన్న నగరాల్లో రేషన్ పెట్టాలని, వయోజనుడికి రోజుకు ఒక పౌండు ధాన్యం అందేలా చూడాలని సిఫారసు చేసింది. బొంబాయి ఆ ఏడాది మే నెలలోనే మొదలుపెట్టగా, మద్రాసుతో సహా ఇతర నగరాలు క్రమంగా ఆ బాట పట్టాయి. దీన్ని చట్టబద్ధ రేషన్ అనేవారు. అంటే, నగరంలో ధాన్యాన్ని బహిరంగంగా అమ్మడం ఆపేసి, ఇంటింటి లెక్క తీసి, ప్రతి మనిషికీ ఇంత అని నిర్ణయించి కార్డు మీద మాత్రమే ఇచ్చే పద్ధతి. ఇలాంటి చోట చిరునామా లెక్కకు ప్రాణంతో సమానం. ఒక పేటలో ఎన్ని నోళ్లున్నాయో తెలియకపోతే ఆ పేట దుకాణానికి ఎన్ని బస్తాలు పంపాలో తెలియదు. ఇల్లు మారినా, బంధువు వచ్చినా, ఇంట్లో ఎవరైనా చనిపోయినా చెప్పి తీరాలన్న నియమం అక్కడి నుంచే వచ్చింది. ఆ రోజుల్లో ధనికుడూ పేదవాడూ ఒకే కార్డు మీద బతికారు గనుక చిరునామా మార్పు అందరి సమస్యగా ఉండేది. తరువాతి కాలంలో అది పేదవారి సమస్యగా మాత్రమే మిగలడంతో దాని పట్ల కార్యాలయాల తొందర కూడా తగ్గిపోయింది.

నిజాం రాజ్యంలో రేషన్ ముఖం వేరుగా ఉండేది. పట్నంలో కార్డు ఉన్నవాడికి అందే ధాన్యం కోసం పల్లెలో రైతు నుంచి లెవీ, అంటే పంటలో నిర్ణీత భాగాన్ని సర్కారు ధరకు బలవంతంగా తీసుకునే పద్ధతి అమలయింది. ఆ వసూళ్లలో చిన్న రైతు మీద పడిన ఒత్తిడి తెలంగాణ సాయుధ పోరాటానికి దారితీసిన కారణాల్లో ఒకటి.

స్వాతంత్ర్యం వచ్చాక గాంధీజీ నియంత్రణలను వ్యతిరేకించడంతో 1947 చివరలో కేంద్రం వాటిని సడలించింది. ధరలు పెరగడంతో 1948లో మళ్లీ బిగించింది. మద్రాసు ముఖ్యమంత్రిగా రాజాజీ 1952 జూన్‌లో తన రాష్ట్రంలో రేషన్‌ను ఎత్తివేశారు. ఆ తరువాత చౌక ధరల దుకాణం అన్నది నగరం మొత్తానికి తిండి పెట్టే ఏర్పాటుగా కాక, బజారు ధర భరించలేనివారికి ఆసరాగా మారుతూ వచ్చింది. 1955 నాటి నిత్యావసర సరుకుల చట్టం, 1965లో ఏర్పడిన భారత ఆహార సంస్థ ఈ వ్యవస్థకు చట్టబలాన్ని, గోదాములను సమకూర్చాయి. కార్డు మాత్రం యుద్ధకాలపు రూపంలోనే, ఇంటి నంబరుకు కట్టుబడి కొనసాగింది.

తెలుగు పల్లెలో కార్డుకు నిజమైన విలువ 1983లో వచ్చింది. ఆ ఏడాది అధికారంలోకి వచ్చిన ఎన్.టి. రామారావు ప్రభుత్వం, ఏడాదికి ఆరు వేల రూపాయల లోపు ఆదాయం ఉన్న కుటుంబాలకు కిలో రెండు రూపాయల చొప్పున, మనిషికి నెలకు 5 కిలోలు, ఇంటికి 25 కిలోలకు మించకుండా బియ్యం ఇవ్వడం మొదలుపెట్టింది. అంతకుముందు పల్లెవాసులకు చక్కెరకూ కిరసనాయిలుకూ మాత్రమే గుర్తొచ్చే కోటా దుకాణం ఇప్పుడు ఇంటి పొయ్యికి ఆధారమైంది. సరిగ్గా ఆ సమయంలోనే, 1984 జనవరిలో, వంశపారంపర్యంగా వస్తున్న కరణం, మునసబు పదవులు రద్దయ్యాయి. 1985లో తాలూకాల స్థానంలో మండలాలు వచ్చాయి. కరణాల పెత్తనం పోవడం మంచి మార్పే. అయితే ఏ ఇంట్లో ఎవరున్నారో, ఎవరు ఏ ఊరు వెళ్లారో నోటి లెక్కగా తెలిసిన వ్యక్తి పోయి, ఆ పని పూర్తిగా కాగితాల మీదికి, మండల రెవిన్యూ కార్యాలయంలోని రిజిస్టర్ల మీదికి వచ్చింది. ఊరు మారిన సంగతి ఇక ఊరంతటికీ తెలిసినా, కార్యాలయానికి తెలిసినట్లు కాదు.

ఈ కాగితాల్లో అతి ముఖ్యమైనది సరెండర్ సర్టిఫికెట్. పాత ఊరిలో కార్డును తిరిగి అప్పగించినట్లు, లేదా కార్డులో ఒకరి పేరును తీసివేసినట్లు ఆ మండలాధికారి ఇచ్చే ధ్రువపత్రం ఇది. కొత్త ఊరిలో దరఖాస్తు పెట్టాలంటే దీన్ని జతచేయాలి. ఆ పత్రం చేతికి రావడానికి జరిగే పనిని దగ్గరగా చూస్తే భారం ఎంతటిదో తెలుస్తుంది. కుటుంబ పెద్ద పాత కార్డు తీసుకుని సొంత మండలానికి వెళ్లాలి; డీలరు దగ్గర ఆ నెల సరుకు తీసుకున్నదీ లేనిదీ తేలాలి; రెవిన్యూ ఇన్‌స్పెక్టరు విచారణ రాయాలి; రిజిస్టరులో పేరు కొట్టివేసి, తహశీల్దారు సంతకం, ముద్ర పడాలి. తరువాత కొత్త ఊరిలో ఇంటి అద్దె రసీదు గాని, కరెంటు బిల్లు గాని, ఇంటి యజమాని అంగీకార పత్రం గాని చూపించి మళ్లీ విచారణ చేయించుకోవాలి. ఈ రెండింటి మధ్య గడిచే కాలంలో ఆ కుటుంబానికి ఏ దుకాణంలోనూ కోటా ఉండదు. రోజు కూలి మానుకుని రెండు ఊళ్ల మధ్య తిరిగే ఖర్చు కొన్ని నెలల బియ్యం విలువను మింగేసేది. పైగా తెల్ల కార్డు బియ్యానికి మాత్రమే పరిమితం కాకుండా, దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నట్లు రుజువుగా కూడా చెల్లేది. 2007లో మొదలైన ఆరోగ్యశ్రీ వైద్యం వంటి పథకాలకు ఆ కార్డే ఆధారం కావడంతో, దాన్ని చేజార్చుకోవడమంటే ఆసుపత్రి మంచాన్ని కూడా వదులుకోవడమే అయింది. అందుచేత చిరునామా మార్పు చెప్పకపోవడం చాలామంది పేదల విషయంలో నిర్లక్ష్యం వల్ల జరిగినది కాదు, లెక్కలు వేసుకుని తీసుకున్న నిర్ణయం.

పల్లెల్లో అన్నిటికన్నా ఎక్కువగా జరిగే చిరునామా మార్పు పెళ్లి. ఆడపిల్ల పుట్టింటి కార్డులో పేరు తీయించుకుని అత్తింటి కార్డులో చేర్పించుకోవాలి. పుట్టిన బిడ్డల పేర్లు కూడా అక్కడే ఎక్కాలి. తీసివేత సులభంగానే జరిగేది, ఎందుకంటే దానివల్ల ప్రభుత్వానికి ఒక యూనిట్, అంటే ఒక మనిషి వంతు కోటా మిగులుతుంది. చేర్పు మాత్రం కొత్త ఖర్చు గనుక తరచు ఆగిపోయేది. తెలంగాణలో రాష్ట్రం ఏర్పడిన తరువాత కొత్త కార్డుల జారీ, పేర్ల చేర్పు ఏళ్ల తరబడి నత్తనడకన సాగి, 2025లో పెద్ద ఎత్తున తిరిగి ఊపందుకునే దాకా, పుట్టింటి కార్డులో లేక, అత్తింటి కార్డులో ఎక్కక మధ్యలో మిగిలిపోయిన కోడళ్లు, వారి పిల్లలు పల్లెపల్లెనా ఉన్నారు. 2013 నాటి జాతీయ ఆహార భద్రతా చట్టం పద్దెనిమిదేళ్లు నిండిన స్త్రీలలో పెద్దామెను రేషన్ కార్డు విషయంలో ఇంటి పెద్దగా గుర్తించింది. అది విలువైన నిర్ణయమే. అయినా ఆ చట్టం వచ్చాక కూడా, పెళ్లితో ఇల్లు మారిన స్త్రీకి హక్కు వెంట రాలేదు. 1662 నాటి ఇంగ్లండు చట్టం తనంతట తానుగా ఇచ్చినదాన్ని ఇక్కడ ఆమె దరఖాస్తు పెట్టి అడగవలసి వచ్చింది.

చిరునామా నియమం అసలే పొసగనిది వలస కూలీలకు. ఒక ఇల్లు వదిలినవాడు మరో ఇంట్లో స్థిరపడతాడని ఆ నియమం ఊహించుకుంది. కర్నూలు జిల్లా పడమటి మండలాల నుంచి గుంటూరు వైపు మిరపకోతకు వెళ్లేవారు దాన్ని సుగ్గికి వెళ్లడం అంటారు. పొలం గట్టున వేసుకున్న గుడిసెకు ఇంటి నంబరు ఉండదు, పంట అయిపోగానే ఆ గుడిసే ఉండదు. పాలమూరు కూలీలు గుంపు మేస్త్రీల వెంట దేశమంతటా ఆనకట్టలు, కాలువలు, రోడ్లు కట్టారు. పని ముగిసినప్పుడల్లా వారి చిరునామా మారింది. ఇలాంటి ఇళ్లలో ముసలివాళ్లు, కొన్నిసార్లు పిల్లలు ఊళ్లోనే ఉండి కార్డు మీది బియ్యంతో కాలం గడిపేవారు, పనికి వెళ్లినవారు అక్కడ బజారు ధరకు కొనుక్కునేవారు. కార్డు అప్పగిస్తే ఊళ్లో ఉన్నవారు పస్తు ఉండాలి, అప్పగించకపోతే వెళ్లినవారి వంతు డీలరు పుస్తకంలోనే మిగిలిపోతుంది. ఒడిశాలోని దాదన్ అనే ముఠా కూలి పద్ధతిలోని దోపిడీని చూసి పార్లమెంటు తెచ్చిన 1979 నాటి అంతర్రాష్ట్ర వలస కార్మికుల చట్టం, ఫొటోతో కూడిన పాసు పుస్తకాన్ని ప్రతి కూలీకి ఇవ్వాలని కాంట్రాక్టరును ఆదేశించింది. పని చోటు, కాలం, కూలి అన్నీ అందులో రాయాలి. ఆ పుస్తకాన్ని చూపి పని చోట బియ్యం తీసుకునే ఏర్పాటు మాత్రం ఆ చట్టంలో లేదు. కూలీ ఎక్కడున్నాడో రాసి ఉన్న పత్రం ఒకటి, కూలీకి తిండి ఇచ్చే పత్రం మరొకటి. ఆ రెండూ కలిసి ఉంటే నలభై ఏళ్ల కష్టం తగ్గేది.

దొంగ కార్డుల బెడద లేదని ఎవరూ అనలేరు. ఊళ్లో లేనివారి, చనిపోయినవారి పేర్ల మీద బియ్యం ఎత్తి బయట అమ్ముకున్న డీలర్లు ఉన్నారు, ఒకే కుటుంబానికి రెండు ఊళ్లలో కార్డులు ఉన్న సందర్భాలూ ఉన్నాయి. ఆ బెడదను అరికట్టడానికి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2005లో కార్డుదారుల కనుపాపల చిత్రాలు తీయించడం మొదలుపెట్టింది. ఆ తరువాత ఆధార్ అనుసంధానం, 2015 నుంచి ఆంధ్రప్రదేశ్‌లో దుకాణాల వద్ద వేలిముద్రను సరిచూసే ఈ-పాస్ యంత్రాలు వచ్చాయి. ఈ సాధనాలన్నీ ముందుగా పేర్లు తీసివేయడానికే వాడుకలోకి వచ్చాయి. అయితే వాటివల్ల, ఎవరూ మొదట అంతగా తలచని ఒక మేలు కలిగింది. మనిషిని వేలిముద్రతో గుర్తించగలిగినప్పుడు అతన్ని ఇంటి నంబరుతో గుర్తించవలసిన అవసరం పోతుంది. ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం 2012లోనే రాయపూర్ నగరంలో ఏ దుకాణంలోనైనా సరుకు తీసుకునే వీలు కల్పించి దీన్ని నిరూపించింది. తెలుగు రాష్ట్రాలు తమ తమ సరిహద్దుల లోపల అదే పద్ధతిని అనుసరించాయి. సొంత దుకాణం దాటి మరో దుకాణంలో సరుకు తీసుకునే ఈ సౌకర్యాన్నే పోర్టబిలిటీ అంటున్నారు.

2014 జూన్ 2న రాష్ట్రం రెండుగా విడిపోయినప్పుడు చిరునామా చిక్కు ఒక్కరోజులో కొత్త రూపం దాల్చింది. గుంటూరు నుంచో శ్రీకాకుళం నుంచో హైదరాబాద్ వచ్చి మేస్త్రీ పనో, అపార్టుమెంటు కాపలానో చేసుకుంటున్నవారికి అంతకుముందు కార్డు బదిలీ ఒకే రాష్ట్రంలోని పని. ఇప్పుడది పొరుగు రాష్ట్రానికి సంబంధించిన పని. ఆహార భద్రతా చట్టం కింద ఎంతమందికి ధాన్యం ఇవ్వాలో రాష్ట్రాలవారీగా 2011 జనాభా లెక్కల ఆధారంగా పరిమితి ఖాయమై ఉంది గనుక, ఒక రాష్ట్రంలో కార్డు వదులుకున్నవారికి మరో రాష్ట్రంలో చోటు దొరుకుతుందన్న హామీ లేదు. ఈ నేపథ్యంలో 2019 ఆగస్టు 9న, ఒకే దేశం ఒకే రేషన్ కార్డు పథకానికి తొలి ప్రయోగంగా ఆంధ్రప్రదేశ్, తెలంగాణలను ఒక జతగా, గుజరాత్, మహారాష్ట్రలను మరో జతగా ఎంచుకోవడంలో ఔచిత్యం ఉంది. 2020 జనవరి 1 నాటికి ఇది పన్నెండు రాష్ట్రాలకు విస్తరించింది. ఆ తరువాత మూడు నెలలు తిరగకముందే వచ్చిన లాక్‌డౌన్‌లో కార్డు ఒక ఊళ్లో, కడుపు మరో ఊళ్లో ఉన్న లక్షలాది మంది కాలినడకన ఇళ్లకు బయలుదేరారు. 2021 జూన్ 29న సుప్రీంకోర్టు, మిగిలిన రాష్ట్రాలన్నీ జూలై 31 లోపు ఈ పథకాన్ని అమలు చేయాలని, కార్డు లేని వలస కార్మికులకు కూడా ధాన్యం అందేలా చూడాలని ఆదేశించింది. 2022 జూన్‌లో అస్సాం చేరడంతో దేశమంతా ఈ వలయంలోకి వచ్చింది.

ఈ మార్పు ఘనతను తక్కువ చేయడానికి లేదు. కూలీ తన వంతును హైదరాబాద్‌లో తీసుకుంటే, మిగిలినది ఊళ్లో తల్లి తీసుకోవచ్చు. కార్డును చీల్చనక్కరలేదు, ఎవరికీ చెప్పనక్కరలేదు. ధాత కరువు నాటి నుంచి ఊరి జాబితాకు కట్టుబడి ఉన్న సాయం మొదటిసారిగా మనిషి వెంట నడిచింది. అయితే నడిచి వచ్చేది కేంద్రం వంతుగా మనిషికి ఇచ్చే 5 కిలోలు మాత్రమే. తెలంగాణ 2015 నుంచి మనిషికి 6 కిలోలు ఇస్తున్నా, 2025 ఉగాది నుంచి దొడ్డు బియ్యానికి బదులు సన్నబియ్యం పంచుతున్నా, అటువంటి రాష్ట్రపు అదనపు సాయం సరిహద్దు దాటి వెళ్లిన సొంత కార్డుదారుకు పొరుగు రాష్ట్రపు దుకాణంలో అందదు. వైద్యానికి, పింఛనుకు, ఇంటి స్థలానికి సంబంధించిన పథకాలన్నీ పాత పద్ధతిలోనే నివాసానికి ముడిపడి ఉన్నాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో గ్రామ, వార్డు సచివాలయాలు ఏర్పడ్డాక ప్రతి కుటుంబాన్నీ ఒక సచివాలయం పరిధిలో నమోదు చేశారు గనుక, ఇల్లు మారినవారు ఆ నమోదును కూడా మార్పించుకోవాలి.

ఇప్పుడు చిరునామా స్థానంలోకి మరో సంకేతం వచ్చింది. 2025 జూలైలో సవరించిన కేంద్ర ఉత్తర్వు ప్రకారం, ఆరు నెలల పాటు సరుకు తీసుకోని కార్డును తాత్కాలికంగా నిలిపివేసి, మూడు నెలల లోపు ఇంటికి వెళ్లి విచారించి, వేలిముద్రలతో గుర్తింపును మళ్లీ నిర్ధారించే ఈ-కేవైసీ జరిపి అర్హత తేల్చాలి. సరుకు తీసుకోకపోవడాన్ని ఇల్లు వదిలినట్లుగానో, అవసరం లేనట్లుగానో అర్థం చేసుకునే నియమం ఇది. ఒడిశాలోని బలంగీర్, నువాపడా జిల్లాల నుంచి తెలంగాణ ఇటుక బట్టీలకు భార్యాబిడ్డలతో వచ్చే కుటుంబాలు పంటకాలం ముగిశాక బయలుదేరి, వానలకు ముందు తిరిగి వెళ్తాయి. బట్టీ పని కాలం దాదాపు ఆరు నెలలే. బట్టీ నుంచి చౌక ధరల దుకాణం ఎంత దూరంలో ఉంది, ఇటుక మట్టికి అరిగిన వేలిముద్రను యంత్రం గుర్తిస్తుందా, వారానికోసారి ఖర్చులకు డబ్బిచ్చే యజమాని ఆ పూట బయటికి పోనిస్తాడా అన్నవాటి మీదే ఆ కుటుంబానికి పోర్టబిలిటీ ఉన్నదీ లేనిదీ ఆధారపడి ఉంది. విచారణకు వచ్చిన ఉద్యోగి తలుపు తట్టేది మాత్రం బలంగీర్‌లోని ఇంటినే.